పసివాడి ఏడుపు వినిపించకుండా పోయింది: బాలింత పథ్యం, తెల్ల బియ్యం గురించి ఒక సందేహం

ప్రశ్న: లంక ఊరి మేనమామ (రాజోలు వైపు)

అందరికీ నమస్కారం. మా ఇంట్లో ఈ మధ్య జరిగిన ఒక విషయాన్ని వివరంగా రాసి, తెలిసినవారి సలహా అడుగుదామని ఇది మొదలుపెట్టాను. కాస్త పొడవైనా ఓపికగా చదవమని కోరుతున్నాను.

మా చెల్లెలు తొలి కాన్పుకు పుట్టింటికి వచ్చింది. నెలలు నిండాక ఆసుపత్రిలో మగపిల్లవాడు పుట్టాడు. కాన్పు తేలికగానే జరిగింది, పిల్లవాడి బరువు కూడా బాగుంది. పురిటి స్నానం అయిన నాటి నుంచి మా అమ్మ తనకు తెలిసిన పద్ధతిలో పథ్యం పెట్టింది. రెండు పూటలా పాత బియ్యపు అన్నం, వెల్లుల్లి కారం, నెయ్యి, ఎప్పుడైనా ఒక బీరకాయ ముక్క, అంతే. పప్పు వాతం చేస్తుందని, చేప పడదని, పండ్లు చలువ చేస్తాయని మిగిలినవన్నీ మానిపించింది. భోజనం కాగానే వక్క బాగా వేసిన తాంబూలం. చెల్లెలి కోసమని సన్న బియ్యం ప్రత్యేకంగా తెప్పించాం. మల్లెపూవులా తెల్లగా ఉండే ఆ బియ్యాన్ని అమ్మ నాలుగు నీళ్ళు కడిగి, విస్తారంగా ఎసరు పెట్టి, గంజి పూర్తిగా వార్చి వండేది. కడుగు నీళ్ళు, గంజి గేదె కుడితి గోలెంలోకి వెళ్ళేవి. తన కూతురికి ఏ లోటూ రాకూడదనే ఆమె అంత శ్రద్ధ తీసుకుందని ముందే చెప్పాలి, ఎందుకంటే నా అసలు ప్రశ్న దాని దగ్గరికే వస్తుంది.

మూడో నెలలో చెల్లెలికి అరికాళ్ళు మంటలు, తిమ్మిర్లు మొదలయ్యాయి. కాళ్ళకు నీరు పట్టింది. బాలింతకు ఇవన్నీ మామూలేనని ఇంట్లో అనుకున్నాం. నీరసంగా ఉందంటే దగ్గరలోని ఆర్.ఎం.పి. గారు రెండుసార్లు గ్లూకోజు సెలైను ఎక్కించారు. నిజానికి సెలైను పెట్టమని అడిగింది మేమే. తర్వాత పిల్లవాడు తాగిన పాలు తాగినట్టే కక్కడం, ఊపిరి ఎగబీల్చడం మొదలైంది. జలుబు మందు వాడాం.

ఒకరోజు తెల్లవారుజామున నేను ఉయ్యాల దగ్గరికి వెళ్ళేసరికి వాడు నోరంతా తెరిచి, పిడికిళ్ళు బిగించి, ముఖం కందగడ్డలా చేసుకుని ఏడుస్తున్నాడు. కాని శబ్దం లేదు. పక్క మంచం మీద వాడి తల్లి నిద్రపోతూనే ఉంది, ఎందుకంటే ఆమెను లేపగలిగేంత ఏడుపు వాడి గొంతులోంచి రావడం లేదు. ఆ దృశ్యాన్ని నేను ఇప్పటికీ మరచిపోలేకపోతున్నాను.

మొదటి పంటు మీద ఏరు దాటి, కారు మాట్లాడుకుని కాకినాడ చేరాం. పిల్లల డాక్టరుగారు వాడి గుండె బాగా పెరిగి అలసిపోయి ఉందని చెప్పారు. ఆ మాట చెబుతూనే మా చెల్లెలి వైపు చూశారు. ఆమె బల్ల మీద నుంచి లేవడానికి రెండు అరచేతులూ మోకాళ్ళ మీద ఆనించి, ఒళ్ళంతా కూడదీసుకుంటోంది. ఆయన పిల్లవాడి సంగతి పక్కన పెట్టి, “అమ్మా, నువ్వు ఏం తింటున్నావు?” అని అడిగారు. చెల్లెలు చెప్పింది విన్నాక తల్లికీ బిడ్డకూ బి1 విటమిను ఇంజెక్షన్లు మొదలుపెట్టారు. సాయంత్రానికి వాడి ఊపిరి నెమ్మదించింది, మర్నాటికి పాలు నిలిచాయి. తల్లి కాళ్ళ వాపు మూడు రోజుల్లో చాలావరకు తీసింది. తిమ్మిర్లు మాత్రం ఇంకా ఉన్నాయి, పిల్లవాడి గొంతు కూడా పూర్తిగా రాలేదు.

నా సందేహాలు ఇవి. ఏడాదికి రెండు పంటలు పండే డెల్టాలో, కడుపునిండా అన్నం తినే ఇంట్లో, ఇలాంటి లోపం ఎలా వచ్చింది? తల్లి పాలు కొనసాగించవచ్చా? అన్నిటికంటే ముఖ్యంగా, తన చేతి వంటే మనవడిని ఇంతదాకా తెచ్చిందని కుమిలిపోతున్న మా అమ్మకు నేను ఏమని చెప్పాలి?

జవాబు: విశ్రాంత వైద్యుడు, అమలాపురం

తమ్ముడూ, ముందుగా మీ రెండో ప్రశ్నకు జవాబు చెబుతాను. తల్లి పాలు ఆపవద్దు. ఆమెకు డాక్టరుగారు రాసిన బి1 మాత్రలు సక్రమంగా పడుతున్నంత కాలం ఆ పాలే పిల్లవాడికి మందు. బి1 లోపం వల్ల దెబ్బతిన్న గొంతు నరం తేరుకోవడానికి గుండె కంటే ఎక్కువ సమయం పడుతుంది కాబట్టి ఏడుపు ఆలస్యంగా రావడం చూసి భయపడకండి. తల్లి తిమ్మిర్లు తగ్గడానికి కొన్ని నెలలు పట్టవచ్చు.

ఈ జబ్బు పేరు బెరిబెరి. మనం తిన్న అన్నంలోని పిండిపదార్థాన్ని శరీరం శక్తిగా మార్చుకోవాలంటే బి1 కావాలి. దీన్నే థయామిన్ అంటారు. మొత్తం ఒంట్లో దీని నిల్వ సుమారు 30 మిల్లీగ్రాములు మాత్రమే. ఆహారంలో రావడం ఆగిపోతే రెండు మూడు వారాల్లో ఆ నిల్వ కరిగిపోతుంది. ఎంత ఎక్కువ అన్నం తింటే అంత ఎక్కువ బి1 ఖర్చవుతుంది. అందువల్ల కడుపునిండా తెల్లన్నం తిని, పక్కన మరేమీ తినని మనిషికి, కొద్దిగా తినే మనిషి కంటే ముందుగా లోపం బయటపడుతుంది. మీ మొదటి ప్రశ్నకు జవాబు అక్కడే ఉంది. నిరంతరం పనిచేసే గుండె, పొడవైన నరాలు ముందుగా దెబ్బతింటాయి కనుక ఊపిరాడకపోవడం, కాళ్ళ వాపు, అరికాళ్ళ మంటలు, గొంతుక్కూర్చున్నవారు చేతుల సాయం లేకుండా లేవలేకపోవడం కనిపిస్తాయి. పాలు తాగే బిడ్డకు తల్లి ద్వారానే బి1 అందాలి. తల్లికి చిన్నపాటి తిమ్మిర్లు తప్ప మరేమీ లేని దశలోనే బిడ్డ గుండె కుంగిపోయిన సందర్భాలు వైద్య గ్రంథాల్లో చాలా ఉన్నాయి.

సెలైను సంగతి ప్రత్యేకంగా చెప్పాలి. బి1 అడుగంటిన ఒంట్లోకి గ్లూకోజు ఎక్కిస్తే, మిగిలిన ఆ కాస్త బి1 కూడా ఆ గ్లూకోజును కరిగించడానికే ఖర్చయి పరిస్థితి విషమిస్తుంది. అందుకే ఇటువంటి అనుమానం ఉన్న రోగికి ముందు థయామిన్ ఇచ్చి, తర్వాతే గ్లూకోజు ఇస్తారు. కోనసీమలో పనిచేసినన్నాళ్ళూ నీరసమనగానే “ఒక సీసా ఎక్కించండి” అని బతిమాలేవాళ్ళను రోజూ చూశాను. సారా అలవాటున్న ఒక కొబ్బరి దింపు కార్మికుడు బయట రెండు సీసాలు ఎక్కించుకుని, కళ్ళు నిలకడ తప్పి, తూలుతూ నా దగ్గరికి వచ్చాడు. అతని భార్యను అడిగితే నెలరోజులుగా అన్నం, చారు తప్ప మరేమీ ముట్టలేదని చెప్పింది. మద్యం వల్ల కూడా పేగులు బి1ను సరిగా గ్రహించలేవు. అతను బతికాడు, కాని జ్ఞాపకశక్తి పూర్తిగా తిరిగి రాలేదు. ఆనాటి నుంచి ఏ రోగినైనా “నిన్న పొద్దుటి నుంచి ఇప్పటివరకు ఏమేం తిన్నావో వరసగా చెప్పు” అని అడగడం అలవాటు చేసుకున్నాను. మీ కాకినాడ డాక్టరుగారు అడిగింది కూడా ఆ ప్రశ్నే. గుండె స్కానులో గుండె పెరిగిందని తెలుస్తుంది. ఎందుకు పెరిగిందో అందులో కనబడదు. బి1 కొలిచే రక్త పరీక్ష చాలా ఊళ్ళలో దొరకదు కాబట్టి, ఇంజెక్షను ఇచ్చాక గంటల్లో వచ్చిన మార్పే చాలాసార్లు నిర్ధారణ అవుతుంది.

ఇది మన తీరానికి కొత్త జబ్బు కాదు. మద్రాసు ప్రెసిడెన్సీ కాలంలో ఉత్తర సర్కారులనే మన కోస్తా జిల్లాలను వైద్యులు బెరిబెరి ప్రాంతంగా గుర్తించారు. తమిళ దేశంలో ఎక్కువమంది ధాన్యాన్ని ఉడికించి ఆడించిన ఉప్పుడు బియ్యం తినేవారు, మనం మాత్రం మిల్లులో తెల్లగా ఆడించిన పచ్చి బియ్యం తినేవాళ్ళం. కూనూరులోని పోషకాహార పరిశోధనశాలకు చెందిన అయిక్రాయిడ్, కృష్ణన్ ఈ ప్రాంతపు శిశు మరణాల మీద 1941లో పరిశోధనా పత్రం ప్రచురించారు. ఆ పరిశోధనశాలే 1958లో హైదరాబాదుకు తరలి, ఇప్పటి జాతీయ పోషకాహార సంస్థ అయింది.

ఇంకా వెనక్కి వెళితే, జావాలో పనిచేసిన డచ్చి వైద్యుడు అయిక్‌మన్ పంతొమ్మిదో శతాబ్దం చివర్లో ఒక విచిత్రం గమనించాడు. సైనిక ఆసుపత్రిలో మిగిలిన తెల్లన్నం తిన్న కోళ్ళకు కాళ్ళు పడిపోయాయి. కొత్తగా వచ్చిన వంటవాడు సైన్యం అన్నం కోళ్ళకు పెట్టడానికి ఒప్పుకోకపోవడంతో వాటికి ముడి బియ్యం వేశారు, అవి లేచి తిరిగాయి. ఆ దారిలో సాగిన పరిశోధనకే 1929లో ఆయనకు నోబెల్ బహుమతి వచ్చింది. మీరు కుడితి గోలెం గురించి రాసింది చదువుతుంటే నాకు ఆ కోళ్ళే గుర్తుకొచ్చాయి. నాలుగు నీళ్ళు కడిగి, గంజి వార్చిన అన్నంలో మిగలాల్సిన బి1 మీ గేదెకు చేరింది. వక్కలోనూ టీలోనూ ఉండే కషాయ పదార్థాలు ఉన్న కొంచెం బి1ను కూడా పనికిరాకుండా చేస్తాయి.

ఇది చదివే మిగిలినవారికి ఒక హెచ్చరిక. బాలింతకు కాళ్ళు వాచినా ఆయాసం వచ్చినా అది బెరిబెరే అనుకుని ఇంట్లో మాత్రలు మింగించి ఊరుకోకండి. కాన్పు తర్వాత రక్తపోటు పెరగడం, గుండె కండరం బలహీనపడటం, కాలి సిరల్లో రక్తం గడ్డకట్టడం, మూత్రపిండాల జబ్బు, వీటిలో ఏదైనా ప్రాణం మీదికి తేవచ్చు. ఆ రోజే ఆసుపత్రికి వెళ్ళండి. వెళ్ళినప్పుడు ఏం తింటున్నారో కూడా అడగకముందే చెప్పండి.

జవాబు: మిల్లు ఇంటి మనిషి, తణుకు

మాది మూడు తరాలుగా బియ్యం మిల్లు. డాక్టరుగారు చెప్పిన దానికి మా వైపు నుంచి ఒక్క విషయం కలుపుతాను. ధాన్యం మీద ఊక తీసేస్తే ముడి బియ్యం వస్తుంది. దాని మీది పొరను, మొలకను పాలిషు పెట్టి తీస్తే తవుడు వస్తుంది. బి1 చాలావరకు ఆ తవుడులోనే పోతుంది. ఆ తవుడు నుంచి నూనె తీస్తారు, మిగిలిన పిండి భీమవరం, కైకలూరు వైపు చేపల చెరువులకు మేతగా వెళుతుంది. వ్యాపారులు మమ్మల్ని అడిగేది ఇంకా తెల్లగా, ఇంకా మెరిసేలా ఆడించమనే. కాస్త ఎర్ర జీర కనబడితే ఆ బస్తా వెనక్కి వస్తుంది.

మన దగ్గర దాళ్వాలో (రబీలో) పండే బొండాలు రకాన్ని మా మిల్లులు నానబెట్టి, ఆవిరి పట్టి, ఎండబెట్టి ఉప్పుడు బియ్యంగా కేరళకు పంపుతాయి. ఆవిరి పట్టినప్పుడు పై పొరలోని బి1 గింజ లోపలికి ఇంకుతుంది, కాబట్టి తర్వాత పాలిషు పెట్టినా కొంత నిలుస్తుంది. మన మిల్లుల్లో ఉడికే ఆ బియ్యం మన కంచాల్లోకి రాకపోవడం నన్ను ఎప్పుడూ బాధపెడుతుంది. దంపుడు బియ్యం, లేదా ఒక్క పాలిషు బియ్యం ఏ చిన్న మిల్లులోనైనా అడిగితే ఆడించి ఇస్తారు. తవుడులో నూనె ఉంటుంది కనుక అవి త్వరగా పురుగు పడతాయి, ముక్క వాసన వస్తాయి. పది పదిహేను రోజులకు సరిపడా మాత్రమే తెచ్చుకోండి.

రేషను బియ్యంలో కలుపుతూ వచ్చిన బలవర్ధక గింజల్లో ఇనుము, ఫోలిక్ యాసిడ్, బి12 ఉంటాయి. ప్లాస్టిక్ బియ్యమని భయపడి వాటిని చేటలో ఏరి పారేయకండి. అయితే బి1 కలపడం తప్పనిసరి కాదు కాబట్టి, ఆ గింజల మీదే ఆధారపడి ఈ విషయంలో నిశ్చింతగా ఉండలేం.

జవాబు: పెద్దమ్మ, ముమ్మిడివరం

నాయనా, నీ మూడో ప్రశ్నకు డాక్టర్లు జవాబు చెప్పలేరు కాబట్టి నేను రాస్తున్నాను. ఇది మీ అమ్మగారికి చదివి వినిపించు.

నేను నలుగురికి పురుడు పోశాను, ముగ్గురు కోడళ్ళకు పథ్యం పెట్టాను. మా అత్తగారు నాకు పెట్టిన పథ్యం ఎలా ఉండేదో చెబుతాను. అన్నం దంపుడు బియ్యంతో వండేవారు. ఇంట్లోనే రోట్లో దంచిన ఆ బియ్యాన్ని ఒక్క నీటితో కడిగి అత్తెసరు పెట్టేవారు. గంజి వార్చినా దాన్ని పారబోయకుండా, పులియబెట్టి తాగే తరవాణి కుండలో పోసేవారు. పదకొండో రోజు దాటాక పాలు పడాలని తెలగపిండిలో వెల్లుల్లి, మునగాకు వేసి కూర వండేవారు. నువ్వులు గానుగాడగా మిగిలిన ఆ పిండి చేతిలోకి తీసుకుంటే ఇసుకలా జారేది, తాలింపులో పడగానే ఇల్లంతా కమ్మటి వాసన. మా వీధిలో చేప తినే ఇళ్ళలో బాలింతకు సొరచేప పిట్టు తప్పనిసరిగా పెట్టేవారు. మెంతులు, శొంఠి, బెల్లం, నెయ్యి కలిపిన కాయం పొద్దున్నే ఒక ఉండ. వాతమనీ చలువనీ మా కాలంలోనూ కొన్ని మానిపించేవారు, కాని మానిపించిన వాటికి బదులు ఇలాంటివి ఉండేవి.

తర్వాత మిల్లు బియ్యం వచ్చింది. రోకలి పోటు తప్పిందని మేమందరం సంతోషించాం, ఆ కష్టం పడినవాళ్ళకే ఆ సంతోషం తెలుస్తుంది. క్రమంగా తెలగపిండి దొరకడం తగ్గింది, పిల్లలకు ఆ వాసన గిట్టకుండా పోయింది. సొర పిట్టు వండే చేతులూ తగ్గాయి. చివరికి తినకూడని వాటి పట్టీ మాత్రం పొల్లు పోకుండా మిగిలింది, తినాల్సిన వాటి పట్టీ జారిపోయింది. మీ అమ్మగారు తన తల్లి దగ్గర నేర్చుకున్నదే చేశారు. ఆమె చేతిలో మారకుండా ఉన్నది పథ్యం, ఆమెకు చెప్పకుండా మారిపోయింది బియ్యం. ఆ సంగతి ఆమెకు ఎవరూ చెప్పలేదు, కాన్పు చేసిన ఆసుపత్రిలో కూడా ఎవరూ అడిగి ఉండరు. ఇందులో ఆమె తప్పు పట్టాల్సింది నాకేమీ కనబడటం లేదు.

ఇక ఇప్పుడు చేయాల్సింది ఆమె చేతుల మీదుగానే జరగనివ్వు. వంటింట్లోంచి ఆమెను తప్పించి కోడలికో పనిమనిషికో అప్పగిస్తే ఆమె మనసు ఇంకా విరిగిపోతుంది. తెలగపిండి కోసం రావులపాలెం, అమలాపురం సంతల్లో అడగండి, గానుగ నూనె ఆడే చోట తప్పకుండా ఉంటుంది. పెసరపప్పు కట్టుతో మొదలుపెట్టి, రెండు రోజులు చూసి కందిపప్పు పెట్టమను.

జవాబు: చదువరి, పాలకొల్లు

పెద్దలను అగౌరవపరచాలని కాదు గాని, ఒక సందేహం. మా ఇంట్లో నాలుగు తరాలుగా తెల్లన్నమే తింటున్నాం, గంజి వార్చే తింటున్నాం. మాకెవరికీ ఏమీ కాలేదు. మరి బియ్యాన్ని ఇంతగా తప్పు పట్టడం సబబేనా?

జవాబు: విశ్రాంత వైద్యుడు, అమలాపురం

మంచి సందేహమే. మీ ఇంట్లో తెల్లన్నంతో పాటు పప్పు, వేరుశనగ పచ్చడి, చేపల పులుసు, మినప ఇడ్లీ ఏదో ఒకటి రోజూ ఉంటుంది. ఒక మనిషికి రోజుకు కావాల్సిన బి1 ఒక మిల్లీగ్రాము పైచిలుకే, అది వీటి నుంచి వచ్చేస్తుంది. 1941 నాటి పరిస్థితి ఇప్పుడు లేకపోవడానికి మన కంచంలోకి ఈ పక్క వంటకాలు రావడం ఒక పెద్ద కారణం. వాటన్నిటినీ ఒక్కసారిగా తీసేసి అన్నాన్ని మాత్రమే మిగిల్చే సందర్భాలు కొన్ని ఉన్నాయి. బాలింత పథ్యం అందులో ఒకటి, తాగుడు మరొకటి, వేవిళ్ళతో నెలల తరబడి వాంతులు చేసుకోవడం ఇంకొకటి. పాలిచ్చే తల్లికి అవసరం మామూలు కంటే ఎక్కువ కనుక దెబ్బ అక్కడ ముందుగా తగులుతుంది. పప్పు త్వరగా ఉడకాలని వంటసోడా వేసే అలవాటు ఉంటే అది కూడా మానండి, సోడా బి1ను చంపేస్తుంది.

ప్రశ్న అడిగినవారు: లంక ఊరి మేనమామ

అందరికీ పేరుపేరునా కృతజ్ఞతలు. డాక్టరుగారు వేవిళ్ళ మాట రాశాక చెల్లెలిని అడిగాను. ఐదో నెల దాకా ఆమెకు ఏమీ ఇమడలేదట. అంటే కాన్పు నాటికే నిల్వ తరిగిపోయి ఉంటుందని అనుకుంటున్నాను. వచ్చే వారం కాకినాడ వెళ్ళినప్పుడు ఈ సంగతి కూడా చెబుతాను.

పెద్దమ్మగారు రాసింది నిన్న రాత్రి అమ్మకు చదివి వినిపించాను. ఆమె ఏమీ మాట్లాడలేదు. తెలగపిండి మాట వచ్చిన చోట మాత్రం మళ్ళీ చదవమంది. పొద్దున లేచేసరికి అటక మీది పాత తరవాణి కుండ కిందికి దిగి, చింతపండుతో తోమి, ఎండలో బోర్లించి ఉంది. మిల్లులో ఒక్క పాలిషు బియ్యం ఐదు కిలోలు ఆడించి తెచ్చాను. వాటికి ఎసరు ఎంత పెట్టాలో, ఎంతసేపు నానబెట్టాలో పెద్దమ్మగారిని అడగమని అమ్మ చెప్పింది, దయచేసి తెలియజేయండి.

పిల్లవాడు ఈ ఉదయం ఆకలికి ఏడ్చాడు. గొంతు ఇంకా బొంగురుగానే ఉంది, కాని వంటింట్లో ఉన్న అమ్మకు వినబడింది.